నేను వెలిగించిన వీధిదీపం

ఇప్పుడు నా కుర్చీ స్టేషన్ గుమ్మం పక్కనే. ముందొక చెక్క బల్ల, దానిమీద ఒక రిజిస్టరు, దారంతో కట్టేసిన పెన్ను. దారం ఎందుకంటే, ఊరు మొత్తం మీద పెన్నులు ఎక్కువగా మాయమయ్యేది పోలీస్ స్టేషన్లోనే. లోపలికి వచ్చే ప్రతి మనిషీ నన్ను దాటుకునే వెళ్ళాలి. వాళ్ళు అడిగేవి కూడా ఇంచుమించు ఒకటే. మా వాణ్ణి పొడిచినోణ్ణి ఎప్పుడు పట్టుకుంటారు? రేపే బెయిలు మీద వచ్చేస్తాడా? నేను పేరు చెప్పానని వాడికి తెలిసిపోతుందా? కోర్టుకి ఎన్నిసార్లు తిరగాలి? ఫోన్ చేసి అరగంటైంది, మీవాళ్ళు ఇంకా కదల్లేదేం?

ఇరవై తొమ్మిదేళ్ళ సర్వీసు నాది. వీటికి జవాబులు నిద్రలో లేపి అడిగినా చెబుతాను. ఒక్క ప్రశ్న దగ్గర మాత్రం నోరు పెగలదు. దాన్ని అందరూ అడగరు. చదువు రానివాళ్ళు, మొహమాటం లేనివాళ్ళు అడుగుతారు.

"నేను చెప్పింది చెప్పినట్టే రాస్తారా?"

నన్ను ఆ ప్రశ్న అడిగి, నా జవాబు నమ్మి నష్టపోయిన మనిషి లాండ్రీ అక్క. అప్పుడు నేను ఈ గుమ్మం దగ్గర లేను. లోపలి గదిలో, ఫ్యాను కింద, స్టేషన్ రైటర్ని. ఎవరు ఏ ఫిర్యాదు తెచ్చినా అది నా చేతిమీదుగా కాగితం ఎక్కాల్సిందే. నా అక్షరాలు చూసి ఎవరో 'ముత్యాలు' అన్నారు, ఆ పేరే స్థిరపడింది. ఇన్‌స్పెక్టర్లు వచ్చారు, పోయారు. "ముత్యాలు రాశాడుగా" అంటూ అందరూ చదవకుండానే సంతకాలు పెట్టారు. ఆ మాట విన్నప్పుడల్లా నేను ఒక జానెడు ఎత్తు పెరిగినట్టు నడిచేవాణ్ణి.

నాకు పని నేర్పిన పాత రైటర్ మొదటిరోజే ఒక మాట చెప్పాడు. "పొద్దుగూకాక జరిగిన నేరమైతే, సాక్షి ఏ వెలుగులో చూశాడో అడిగి రాయి. కోర్టులో మొదటి ప్రశ్న అదే పడుతుంది." మంచి మాట. కొన్నాళ్ళు అడిగి రాశాను. తర్వాత అడగడం మానేశాను, రాయడం మాత్రం మానలేదు. చీకటి పడ్డాక జరిగిన ప్రతి కొట్లాటలోనూ, ప్రతి కత్తిపోటులోనూ నా వాక్యం ఒకటి తనంతట తనే వచ్చి కూర్చునేది. "అక్కడున్న వీధిదీపం వెలుగులో అతని ముఖాన్ని స్పష్టంగా చూసి గుర్తుపట్టాను." ఎంతమంది నోట ఆ మాట పెట్టానో నాకే తెలియదు.

లాండ్రీ అక్క దుకాణం మా స్టేషన్ వెనక సందులో. మా అందరి యూనిఫాంలూ ఆమె చేతిమీదుగానే ఇస్త్రీ అవుతాయి. ఎవరి చొక్కా ఏదో చీటీ లేకుండా చెబుతుంది. "ఇది ఇన్‌స్పెక్టరు గారిది, మెడ దగ్గర చిరాకు కనబడుతోంది" అని నవ్వుతుంది. దుకాణం అరుగు మీదే ఆమె తమ్ముడు తాళాలు బాగుచేసేవాడు. చేతిలో చిన్న ఆకురాయి, పెదాల మధ్య ఒక తాళంచెవి. ఏ తాళమైనా చెవి దగ్గర పెట్టుకుని వినేవాడు, డాక్టరు గుండె విన్నట్టు.

ఆ సందు చివర పాత సామాన్లు కొనేవాడొకడు ఉన్నాడు. వాడొకరోజు సబ్బు బిళ్ళ మీద అచ్చు తీసిన తాళంచెవి గుర్తు పట్టుకొచ్చి, దీనికి తాళంచెవి చేసిపెట్టమన్నాడు. సబ్బు మీద అచ్చు ఎవడు తెస్తాడో తాళాలవాళ్ళకి తెలియదా? తమ్ముడు చెయ్యనన్నాడు. అక్కడితో ఆగకుండా, అది ఏ ఇంటిదో పోల్చుకుని ఆ ఇంటివాళ్ళని హెచ్చరించాడు. నాలుగు రోజులకి, చలికాలపు సాయంత్రం ఆరున్నర దాటి చీకటిపడ్డాక, దుకాణం కట్టేసి ఇంటికి వెళుతుంటే సందు మలుపులో ఇనపరాడ్‌తో వాడు విరుచుకుపడ్డాడు. తల పగిలింది. కిందపడ్డ మనిషి కుడిచేతిని రాయి మీద పెట్టి మరీ కొట్టాడు.

తాళంవేసి వెనకే వస్తున్న అక్క పరుగెత్తింది. మర్నాడు పొద్దున నా బల్ల ముందు కూర్చుంది, చీర మీద ఎండిన రక్తంతోనే.

"మొహం చూశావా?" అన్నాను.

"చీకటండి. మొహం కనబడలేదు. కానీ వాడేనండి. చొక్కా పట్టుకున్నాను. గుండీ చేతికి తగిలింది."

"గుండీ ఏంటమ్మా?"

"వాడి చొక్కాకి పైనుంచి రెండో గుండీ విరిగిపోతే, ఆ రంగుది దొరక్క నేనే నల్లగా పెద్దది కుట్టాను. కోటు గుండీ. రెండు పోగుల దారం, కింద నాలుగు చుట్లు చుట్టి. ఊడిపోకూడదని అలా కుడతానండి, ఎవరికైనా అంతే. వాడు నన్ను తోసేస్తుంటే ఆ గుండీ నా బొటనవేలికింద ఉంది. నేను కుట్టిన గుండీ నాకు తెలియదా రైటరు గారూ?"

చెబుతూనే ఉంది. దారం గురించి, ముడి గురించి, ఆ చొక్కా ఎప్పుడు ఇస్త్రీకి వచ్చిందో దాని గురించి. ఆమె వెనక మరో ఏడుగురు ఎదురుచూస్తున్నారు. నాకు విసుగు ముంచుకొచ్చింది. తమ్ముడు ఆసుపత్రిలో ఉంటే ఈవిడ గుండీల పురాణం విప్పిందేమిటి అనుకున్నాను. కోర్టులో గుండీ పేరెత్తితే నవ్విపోతారు, కేసు నిలవాలంటే మొహం ఉండాలి, మొహం ఉండాలంటే వెలుగు ఉండాలి. మూడు పేజీలు రాశాను. గుండీ లేదు. వీధిదీపం ఉంది.

సంతకం పెట్టేముందు ఆమె అడిగింది. "నేను చెప్పింది చెప్పినట్టే రాశారా అండీ? నాకు సంతకం వరకే వచ్చు. ఓసారి చదివి వినిపిస్తారా?"

"నువ్వు చెప్పినదానికంటే బాగా రాశానమ్మా. పెట్టు సంతకం" అన్నాను.

ఆమె నమ్మింది. నమ్మదా మరి? ఏడేళ్ళుగా నా చొక్కాలు ఇస్త్రీ చేస్తున్న మనిషి. ఒక్కొక్క అక్షరమే కూడబలుక్కుంటూ సంతకం పెట్టింది. అది తలుచుకుంటే ఇవాళ్టికీ నాకు అన్నం సయించదు.

ఆ మధ్యాహ్నమే వాణ్ణి పట్టుకున్నారు. ఇంట్లో తడిపి ఆరేసిన చొక్కాని స్వాధీనం చేసుకున్నారు. ఆ జాబితా కూడా నేనే రాశాను. "వాడిన చొక్కా ఒకటి." రెండో గుండీ నల్లగా ఉందని రాయడానికి నాకు ఎంతసేపు పట్టేది? చొక్కాని విప్పి చూడనైనా లేదు.

విచారణ ఏడాది తర్వాత వచ్చింది. ఈలోగా తమ్ముడి తల మానింది గానీ చెయ్యి మానలేదు. వేళ్ళు ముడుచుకోవు, ఆకురాయి నిలవదు. అరుగు మీద ఊరికే కూర్చునేవాడు. ఎవరైనా తాళం తెస్తే చెవి దగ్గర పెట్టుకుని, లోపల ఏది విరిగిందో చెప్పి, వేరేచోటికి పంపేవాడు. "ఇప్పుడు నేను సలహాదారుణ్ణి" అని నవ్వేవాడు. అక్క మాత్రం నవ్వేది కాదు. వాడికి శిక్ష పడితే చాలు, మా తమ్ముడు మళ్ళీ ఆ సందులో భయం లేకుండా నడుస్తాడు, అనేది.

ఆ రోజు కోర్టులో నేను వెనక బెంచీ మీద, ఒళ్ళో కేసుల కట్టతో ఉన్నాను. నిందితుడి తరఫు ప్లీడరు గొంతు పెంచే రకం కాదు. మెత్తగా, చుట్టంలా అడుగుతాడు.

"అమ్మా, ఈ సంతకం మీదేనా?"

"నాదేనండి."

"వీధిదీపం వెలుగులో మొహం స్పష్టంగా చూశానని ఇందులో ఉంది. చూశారా?"

అక్క అయోమయంగా అటూ ఇటూ చూసింది. "దీపమా? దీపం లేదండి. చీకటి. నేను గుండీ పట్టుకున్నాను."

ప్లీడరు ఒక కాగితం జడ్జిగారికి అందించాడు. కరెంటు ఆఫీసు వాళ్ళది. ఆ స్తంభానికి బల్బు పోయి అప్పటికి పదకొండు రోజులు. కొత్తది వేసింది దెబ్బలాట జరిగిన నాలుగో రోజున. ఆ సందులో నేను రోజూ నడుస్తాను. పదకొండు రోజులు ఆ చీకట్లోనే ఇంటికి వెళ్ళాను, చెప్పుల కింద గోతులు తడుముకుంటూ.

"గుండీ అన్నారు. ఈ మూడు పేజీల్లో గుండీ అనే మాట ఎక్కడుందో చూపిస్తారా అమ్మా?"

"నాకు చదవడం రాదండి."

ఎవరో కిసుక్కున నవ్వారు. పొట్లం విప్పి చొక్కా చూపించారు. నల్లగుండీ ఉంది, రెండు పోగుల దారం, కింద చుట్లు. అక్క మొహం ఒక్కక్షణం వెలిగింది. "అదేనండి, అదే!" అంది.

"చొక్కా మీ దుకాణంలో ఇస్త్రీ అయ్యేదే. గుండీ కుట్టింది మీరే. అది నల్లగా ఉంటుందని మీకు ఎప్పుడైనా తెలుసు. ఆ రాత్రి చేతికి తగిలిందని మాత్రం ఏడాది తర్వాత గుర్తొచ్చింది. దీపం అబద్ధమని తేలింది కాబట్టి గుండీ. గుండీ కూడా పోతే రేపు జేబు అంటారా?"

"నేను అబద్ధం చెప్పలేదండి. మొదటి రోజే చెప్పాను. అదిగో, ఆ రైటరు గారిని అడగండి."

ఆమె వేలు నా వైపు చూపించింది. గదిలోని తలలన్నీ తిరిగాయి. నేను తేలు కుట్టిన దొంగలా తల దించుకుని, ఒళ్ళో ఉన్న కట్టకి కట్టిన ముడిని విప్పి మళ్ళీ కట్టుకున్నాను. ఆయన వంతు వచ్చినప్పుడు ఆయన్ని అడుగుతాంలే అన్నారు జడ్జిగారు. ఆమె దిగి వెళ్ళేటప్పుడు నన్ను దాటుకుంటూ వెళ్ళింది. నేను ముడి దగ్గర్నుంచి తలెత్తలేదు.

నా వంతు మూడు వారాల తర్వాత వచ్చింది. దానికి ముందురోజు ఇన్‌స్పెక్టర్ గదిలోకి పిలిచి తలుపు వేశాడు.

"ముత్యాలూ, మూడే ముక్కలు. ఆమె చెప్పిందే రాశాను. చదివి వినిపించాను. సంతకం పెట్టింది. అంతకు మించి ఒక్క మాట వద్దు. ఏడాదిన్నరలో రిటైరవుతున్నావు. నీ ఒక్కడి గొడవ కాదిది, నువ్వు రాసిన కేసులన్నిటి మీదా పడుతుంది."

"సరేనండి" అన్నాను. ఎంత తేలిగ్గా అన్నానో!

ఆ సాయంత్రం ఇంటికి వెళ్ళేసరికి మా ఆవిడ ఇస్త్రీ బట్టలు మంచం మీద పెడుతోంది. ఈ మూడు వారాలూ నేను ఆ సందులోంచి రావడం మానేసి చుట్టుదారిన వస్తున్నాను. బట్టలు మా ఆవిడే తీసుకెళుతోంది.

"ఏమండీ, మీరూ లాండ్రీ ఆవిడా ఏమైనా అనుకున్నారా? ఒక్క మాట మాట్లాడలేదు. జేబు గుండీ ఊడిపోయిందిగా, అడక్కుండానే కుట్టేసింది."

ఆవిడ వంటింట్లోకి వెళ్ళాక చొక్కా చేతిలోకి తీసుకున్నాను. ఎందుకో కళ్ళు మూసుకున్నాను. బొటనవేలితో ఒక్కో గుండీ తడుముతూ వచ్చాను. కంపెనీవి పల్చగా, వదులుగా కదులుతున్నాయి. జేబు దగ్గరికి వచ్చేసరికి వేలు ఆగిపోయింది. కింద నాలుగు చుట్లు, గట్టిగా, చిన్న మెడలా. కళ్ళు తెరవకుండానే తెలిసింది. ఎవరికైనా తెలుస్తుంది. నాలాంటి మొద్దువేలికే తెలిసింది. సిగ్గేసింది. అబద్ధం రాశానన్న సిగ్గు ఒక్కటే కాదు. బంగారంలాంటి నిజాన్ని ఆమె తెచ్చి నా బల్లమీద పెడితే, చెత్త అని ఊడ్చేసి, ఆ జాగాలో కాకిబంగారం పెట్టాను. పైగా నీకంటే బాగా రాశానన్నాను.

మర్నాడు బోనెక్కాను. మూడు ముక్కల్లో మొదటిదే నోట్లోంచి రాలేదు.

"దీపం మాట ఆమె చెప్పలేదండి. నేను రాశాను. గుండీ మాట ఆమె చెప్పింది. నేను రాయలేదు. చదివి వినిపించమంది. వినిపించలేదు."

ఇన్‌స్పెక్టర్ చూపు నా వీపు మీద నిప్పులా తగులుతూనే ఉంది. అయినా నాకు అప్పుడు కాస్త తేలికపడినట్టే అనిపించింది. ఇంక అక్క మాట నిలబడుతుంది, నాకు ఏమైతే అయింది అనుకున్నాను. ఆ తేలిక ఎంతోసేపు లేదు. ప్లీడరు లేచాడు.

"ఇలా ఎన్ని కేసుల్లో దీపాలు వెలిగించారు రైటర్ గారూ?"

"గుర్తులేదండి."

"పదా? వందా?"

"గుర్తులేదండి."

"అంటే, జరగనిది రాయడం మీకు అలవాటు."

"అవునండి."

"జనం నమ్మి సంతకాలు పెట్టిన కాగితాల మీదే అబద్ధం రాసే అలవాటున్న మనిషి, ఇవాళ ఈ బోనులో చెబుతున్నది మాత్రం నిజమని ఎందుకు నమ్మాలి?"

ఆయన అడిగినదాంట్లో తప్పులేదు. నేనైనా నమ్మను. ఆమెని అబద్ధాలకోరు కాదని చెప్పాలంటే నేను అబద్ధాలకోరునని ఒప్పుకోవాలి. ఒప్పుకున్నాక నా మాటకి విలువెక్కడిది? ముందు బెంచీ మీద అక్క నన్నే చూస్తోంది. పక్కన తమ్ముడు, ముడుచుకోని చేతిని ఒళ్ళో పెట్టుకుని.

నేరం సందేహం లేకుండా రుజువు కాలేదని వాణ్ణి వదిలేశారు. వరండాలో వాడు నాకు ఎదురొచ్చి నమస్కారం పెట్టాడు. వెటకారం కాదు, నిజంగానే పెట్టాడు. ఉద్యోగంలో నాకు దొరికిన నమస్కారాలన్నిటిలో నేను మరిచిపోలేనిది అది.

నా మీద విచారణ వేశారు. అది తేలేదాకా రాత పని తీసేసి ఈ గుమ్మం దగ్గర కూర్చోబెట్టారు. లోపలి గదిలో నా బల్ల దగ్గరికి ఒక అమ్మాయి వచ్చింది. నాలుగేళ్ళు నా దగ్గరే పని నేర్చుకున్న కానిస్టేబులు. నా పాత కట్టలు చూసి చూసి అక్షరాలు గుండ్రంగా తిప్పడం కూడా నేర్చుకుంది. ఇప్పుడు ఆమె రాసినా, నేను రాసినా తేడా కనిపెట్టడం కష్టం.

మొన్న మధ్యాహ్నం లాండ్రీ అక్క వచ్చింది. కోర్టు తర్వాత ఎదురుపడటం అదే మొదలు. నేను తడబడుతూ లేచి నిలబడ్డాను.

"ఎవరికి చెప్పాలి?" అంది, రిజిస్టరు వైపు చూస్తూ.

"ఏమైందండీ?" అన్నాను. 'అండీ' అన్నానని అన్నాక తెలిసింది.

అంతకుముందురోజు చీకటి పడ్డాక వాడు దుకాణానికి వచ్చాడట. బల్ల మీద ఒక చొక్కా పడేసి, "దీనికీ గుండీ కుట్టు. ఈసారి బాగా గుర్తుపెట్టుకో. మీ తమ్ముడికి ఇంకో చెయ్యి ఉందిగా" అని వెళ్ళాడట. చొక్కాని అలాగే సంచిలో పెట్టి తెచ్చింది. తమ్ముడు పొద్దుట్నుంచి గది దాటి బయటికి రాలేదట.

లోపలికి తీసుకెళ్ళి అమ్మాయి ముందు కూర్చోబెట్టాను. వెనక్కి తిరగబోతుంటే అక్క గొంతు వినబడింది.

"మీరు ఉండండి. అమ్మాయి రాస్తుంది. రాశాక అది మీరు నాకు చదివి వినిపించాలి."

"నేనా?"

"మీరే. అప్పుడు బాకీ పడ్డారుగా."

గోడవారగా నిలబడ్డాను. అక్క చెప్పింది, అమ్మాయి రాసింది. పెన్ను ఎక్కడా ఆగకుండా ఉరికింది. రెండు పేజీలు నా చేతికొచ్చాయి. గొంతు సవరించుకుని మొదలుపెట్టాను. పేరు, దుకాణం, వాడు వచ్చిన సమయం, అన్నీ సరిగ్గానే ఉన్నాయి. అక్క ఒక్కో మాటకీ తలాడిస్తోంది. రెండో పేజీ తిప్పాను. తిప్పగానే నా వాక్యం కనబడింది. నా గుండ్రటి అక్షరాల్లో, చెక్కు చెదరకుండా.

ఆగిపోయాను. అమ్మాయి తలెత్తి నా వైపు చూసింది. ఆ కళ్ళల్లో తప్పు చేసినట్టు ఏమీ లేదు. నేర్పింది రాసిన పిల్ల ఎలా చూస్తుందో అలా చూసింది.

"ఏమైంది? చదవండి" అంది అక్క.

ఆ ఒక్క వరసా దాటేసి కింద నుంచి చదివితే ఆమెకి తెలియదు. తర్వాత అమ్మాయిని పక్కకి పిలిచి దిద్దించవచ్చు. ఆ ఆలోచన ఇంకా నాకు వచ్చినందుకు నా మొహం నాకే చూపించుకోలేననిపించింది. కాగితం రెండు చేతులతో పట్టుకుని చదివాను.

"అక్కడున్న వీధిదీపం వెలుగులో అతని ముఖాన్ని స్పష్టంగా చూసి గుర్తుపట్టాను."

అక్క అమ్మాయి వైపు తిరిగింది.

"వాడు నా దుకాణంలోకే వచ్చాడమ్మా. ఇస్త్రీ బల్ల మీద నా ట్యూబులైటు ఉంది. వీధిదీపం మాట నేను అనలేదే. నీకెవరు చెప్పారు?"

అమ్మాయి నా వైపు చూసింది, అంతే.

"నేను నేర్పానండి" అన్నాను.

అమ్మాయి ఆ వరస మీద అడ్డంగా గీత గీసి, పైన ట్యూబులైటు అని రాసింది. అక్క సంచిలోంచి చొక్కా తీసి బల్లమీద పరిచి, ఊడిన గుండీ జాగా వేలితో చూపించి, అది కూడా రాయమంది. అమ్మాయి రాసింది. కాగితం మళ్ళీ నా చేతికి ఇచ్చింది.

"మొదటి నుంచి చదవండి" అంది అక్క.